మూడు వేల అడుగుల అంతస్తు: ఆఫీసుకా, కోచింగ్‌కా, హాస్టల్‌కా, హోటల్‌కా, ఆసుపత్రికా?

‘ఆఫీసు, కోచింగ్, హాస్టల్, రెస్టారెంట్, హాస్పిటల్‌కు అనుకూలం’ అని ఒకే టు-లెట్ బోర్డు మీద రాసి వేలాడదీస్తారు. ఓనరుకు ఐదింటి అద్దె ఒకటే కావచ్చు. ఫైర్ నిబంధనల దగ్గరకొస్తే మాత్రం అవే గోడలు, అవే మెట్లు ఐదు రకాల భవనాలైపోతాయి. ఒకదానికి ఏ అనుమతీ అక్కర్లేని చోట ఇంకోదానికి అనుమతి రాదు. అడ్వాన్స్ ఇచ్చి, ఇంటీరియర్ పని పూర్తి చేయించాక ఈ సంగతి తెలిస్తే నష్టం అద్దెకున్నవాళ్లదే.

లెక్కలు తేలిగ్గా అర్థం కావడానికి ఒక భవనం అనుకుందాం. హైదరాబాద్‌లోనో విజయవాడలోనో మెయిన్ రోడ్డు మీద ఆరువందల గజాల స్థలం. సెల్లార్‌లో పార్కింగ్, పైన గ్రౌండ్ ప్లస్ త్రీ. ఎత్తు సుమారు 13 మీటర్లు. ఒక్కో అంతస్తు 3,000 చదరపు అడుగులు, అంటే 279 చదరపు మీటర్లు. అయిదడుగుల మెట్లు ఒక్కటే, లిఫ్టు ఒక్కటే. ప్లాను ‘కమర్షియల్’ అని మంజూరైంది. మన ఊళ్లలో ఇలాంటివి వీధికి నాలుగు కనిపిస్తాయి. మీరు అద్దెకు చూస్తున్నది రెండో అంతస్తు.

ఎత్తు ఒకటే, నిబంధన వేరు

ఓనర్లు మొదట చెప్పే మాట: “బిల్డింగ్ పదిహేను మీటర్ల లోపే ఉంది, ఫైర్ ఎన్‌ఓసీ అక్కర్లేదు.” ఎన్‌ఓసీ అంటే ఫైర్ శాఖ ఇచ్చే నిరభ్యంతర పత్రం. ఓనరు మాటలో సగం నిజం ఉంది, ఇబ్బంది అంతా మిగతా సగంతోనే. రెండు తెలుగు రాష్ట్రాలకూ మూలం 1999 నాటి ఫైర్ సర్వీస్ చట్టమే. దాని కింద, భవన నిర్మాణ నిబంధనల కింద ఎన్‌ఓసీ హద్దులు మూడు రకాలు. వ్యాపార భవనాలకు 15 మీటర్లు, ఆ పైన. నివాస భవనాలకు 18 మీటర్లు, ఆ పైన. జనం గుమికూడే భవనాలకు, అంటే స్కూళ్లు, సినిమా హాళ్లు, ఫంక్షన్ హాళ్ల వంటి వాటికి, స్థలం 500 చదరపు మీటర్లకు చేరినా, ఎత్తు 6 మీటర్లు దాటినా చాలు.

ఆరువందల గజాలంటే 501 చదరపు మీటర్లు. మన భవనం ఎత్తు 13 మీటర్లు. కాబట్టి ఆఫీసుకు ఓనరు మాట చెల్లుతుంది. అదే అంతస్తులో నూట యాభై మంది పిల్లలను కూర్చోబెట్టే తరగతులు పెడితే స్థలం లెక్కలోనూ ఎత్తు లెక్కలోనూ హద్దు దాటినట్టే. జిల్లా ఫైర్ ఆఫీసులో మీరు పెట్టబోయే వ్యాపారం పేరు చెప్పి, లిఖితపూర్వకంగా జవాబు తీసుకోవడం మంచిది. భవనం పేరు చెప్పి అడిగితే భవనానికి తగిన జవాబే వస్తుంది, మీ వ్యాపారానికి తగినది రాదు.

నేషనల్ బిల్డింగ్ కోడ్ 2016 నాలుగో భాగం భవనాలను వాడకాన్ని బట్టి గ్రూపులుగా విడదీస్తుంది. నివాసం ఏ, విద్య బీ, ఆసుపత్రులు, సంరక్షణ సంస్థలు సీ, జనం గుమికూడేవి డీ, ఆఫీసులు ఈ, దుకాణాలు ఎఫ్, పరిశ్రమలు జీ, గోదాములు హెచ్, ప్రమాదకర పదార్థాలు జే. ఇవి పేరుకు పెట్టిన అక్షరాలు కావు. మెట్ల వెడల్పు, తలుపు వెడల్పు, నడవాల్సిన దూరం, మంటకు సీలింగు నుంచి నీళ్లు చల్లే స్ప్రింక్లర్లు కావాలా వద్దా అన్నవన్నీ ఈ అక్షరాన్ని బట్టే మారతాయి. ‘కమర్షియల్’ అనే మాట ఈ కోడ్‌లో ఏ గ్రూపు పేరూ కాదు. ఓసీ (భవనాన్ని వాడుకోవచ్చని ఇచ్చే ఆక్యుపెన్సీ సర్టిఫికెట్) మీద ఆ మాట చూసి ‘అన్నీ వస్తాయి’ అనుకోవడం దగ్గరే చాలామంది పొరబడతారు.

అంతస్తులో ఎంతమంది

కోడ్ ప్రకారం ఒక్కో మనిషికి ఎంత చోటు లెక్కవేస్తారో కింద ఉంది. బ్రాకెట్లో చదరపు అడుగులు, సుమారుగా.

- నివాసం: 12.5 చదరపు మీటర్లు (135)
- విద్య: 4 (43)
- ఆసుపత్రిలో ఇన్‌పేషెంట్ భాగం: 15 (161)
- ఆఫీసు: 10 (108)
- దుకాణం, రోడ్డు మట్టం అంతస్తు: 3 (32)
- దుకాణం, పై అంతస్తులు: 6 (65)
- టేబుళ్లు, కుర్చీలతో భోజనశాల: 1.8 (19)
- కుర్చీలు బిగించని హాలు, కాస్త వదులుగా: 1.4 (15)
- కుర్చీలు బిగించని హాలు, కిక్కిరిసి: 0.65 (7)
- గోదాము: 30 (323)

ఈ పట్టికను తలకిందులుగా చదివేవాళ్లే ఎక్కువ. మనిషికి ఇంత చోటు ఇస్తే చాలు, అంతమందిని పెట్టుకోవచ్చు అని దీని అర్థం కాదు. దారులను కనీసం ఇంతమందికి సరిపడేలా కట్టాలి అని అర్థం. అసలు మనుషులు అంతకంటే ఎక్కువ ఉంటే అసలు సంఖ్యే లెక్క. రెండింటిలో ఏది పెద్దదైతే దానితోనే మెట్లు, తలుపులు కొలవాలి.

మన 279 మీటర్ల అంతస్తుకు ఇది వేస్తే ఆఫీసు 28 మంది, పై అంతస్తు దుకాణం 47, కోచింగ్ 70, నివాసం 23, ఇన్‌పేషెంట్లున్న ఆసుపత్రి 19. అంతస్తులో రెండు వేల అడుగులు భోజనాలకు వదిలి, మిగతాది వంటగదికి ఇచ్చిన రెస్టారెంట్‌లో 103 మంది. అదే రెండు వేల అడుగుల్లో కుర్చీలు తీసేసి పార్టీ పెడితే 286. ఒకే చోటు, ఒకే మెట్లు, మనుషులు 19 నుంచి 286 దాకా.

మెట్లు ఎంతమందిని దించగలవు

2016 కోడ్ లెక్క తేలిక. మెట్ల మీద మనిషికి 10 మిల్లీమీటర్ల వెడల్పు, తలుపులు, నడవాల వంటి సమతల దారుల్లో 6.5 మిల్లీమీటర్లు. ఆసుపత్రికి ఇవి 15, 13. అయిదడుగుల మెట్లంటే 1,500 మిల్లీమీటర్ల పైచిలుకు, కాబట్టి 150 మంది. మీటరు వెడల్పు తలుపు 153 మందికి సరిపోతుంది. ఇది ఒక అంతస్తు జనానికి వేసే లెక్క. పై అంతస్తువాళ్లు వెనకాల వరుసగా దిగుతారన్న అంచనా మీద నడుస్తుంది. కింది అంతస్తు తలుపులోంచి పొగ మెట్ల మీదికి వస్తే ఆ అంచనా అక్కడే చెదిరిపోతుంది. అందుకే మెట్లకు గోడలు, తలుపులు ఉండాలంటారు.

2005 కోడ్ లెక్క వేరుగా ఉండేది. వెడల్పును 50 సెంటీమీటర్ల యూనిట్లుగా విడదీసి, యూనిట్‌కు ఇంతమంది అని వేసేవారు. ఆఫీసు, దుకాణాలకు మెట్ల మీద యూనిట్‌కు 50 మంది, జనం గుమికూడే చోట 40, స్కూలు, ఆసుపత్రి, నివాసాలకు 25. అంటే ఇవే అయిదడుగుల మెట్లు ఆఫీసుకైతే 150 మందికి, కోచింగ్‌కైతే 75 మందికే. పిల్లలు, రోగులు, నిద్రలో ఉన్నవాళ్లు నెమ్మదిగా కదులుతారన్నది ఆ తేడాకు కారణం. మన వీధుల్లో నిలబడి ఉన్న భవనాల్లో చాలా వాటి ప్లాన్లు ఆ లెక్కల కాలం నాటివి. ఆఫీసులకని గీసిన మెట్ల మీద తరగతులు నడిపితే, ఆ రోజు గీసినవాళ్లు అనుకున్నదానికి రెట్టింపు జనం దిగాల్సి ఉంటుంది. కొత్త కోడ్ 150 ఒప్పుకున్నా, మెట్లు ఒక్కటే ఉన్న భవనంలో పాత సంఖ్యను హద్దుగా పెట్టుకోవడమే మా సలహా.

సంఖ్య సరిపోయినంత మాత్రాన పని అయిపోదు. కనీస వెడల్పులు వేరుగా ఉన్నాయి. విద్యాసంస్థల మెట్లు మీటరున్నర, ఆసుపత్రి మెట్లు 2 మీటర్లు. బయటికి వెళ్లే తలుపు మీటరుకు తగ్గకూడదు. జనం గుమికూడే భవనాల్లో అది 2 మీటర్లు. ఒక్కవైపే దారి ఉన్న కారిడార్ ఆఫీసులో 15 మీటర్ల దాకా ఉండొచ్చు. స్కూలు, ఆసుపత్రి, హాళ్లలో 6 మీటర్లే. మెట్లు ఒక్కటే ఉన్న అంతస్తులో కారిడార్ మొత్తం ఒక్కవైపు దారే కదా. చిట్టచివరి క్లాసురూం తలుపు నుంచి మెట్ల దాకా టేపు పెట్టి చూడండి. ఆరు మీటర్లంటే ఇరవై అడుగులు కూడా లేదు. బ్రోకర్లు చూపించే అంతస్తుల్లో చాలావరకు ఈ ఒక్క కొలత దగ్గరే పోతాయి.

15 మీటర్లు, ఆ పైన ఎత్తున్న భవనాలకు రెండు మెట్లు తప్పనిసరి. అంతకు తక్కువ ఎత్తైనా, అంతస్తు 500 చదరపు మీటర్లు దాటితే విద్య, ఆసుపత్రి, సభాభవనం, గోదాముల వాడకానికి రెండు ఉండాల్సిందే అని 2005 కోడ్ నుంచే ఉంది. మన భవనం ఈ రెండు హద్దులకూ కాస్త లోపలే ఆగింది. లోపల ఆగేలాగే కడతారు కూడా.

ఆఫీసు, దుకాణం

ఈ అంతస్తుకు సహజంగా సరిపడేది ఆఫీసే. మనుషులు మెలకువగా ఉంటారు, రోజూ అవే మెట్లు ఎక్కుతారు, సంఖ్య తక్కువ. కాల్ సెంటర్ పెట్టి మనిషికి నలభై అడుగుల చొప్పున సర్దితే 28 కాస్తా 75 అవుతుంది. మెట్లకు అదీ బరువు కాదు. అయితే ఆఫీసు గనక భయం లేదనుకోవద్దు. 2023 మార్చి 16న సికింద్రాబాద్ స్వప్నలోక్ కాంప్లెక్స్‌లో చనిపోయిన ఆరుగురూ ఆఫీసులో పనిచేసే యువతీయువకులే. వాళ్లను బలిగొన్నది పొగ. మెట్ల దారిలో సామాను లేకుండా చూడటం, మెట్లకు తలుపు ఉండి అది తనంతట తాను మూసుకోవడం ఆఫీసుకు ముఖ్యం.

దుకాణమైతే స్టాకు సంగతి చూడాలి. అమ్మే చోటుకు పక్కనే అంతకు రెట్టింపు బట్టలో చెప్పులో కట్టలు కట్టి పెడితే అది దుకాణం (ఎఫ్ గ్రూపు) ముసుగులో ఉన్న గోదాము (హెచ్ గ్రూపు). సెల్లార్‌లో స్టాకు పెట్టుకోమని ఓనరు ఉదారంగా ఇస్తే తీసుకోకండి. నిబంధనల ప్రకారం సెల్లార్ పార్కింగ్‌కే. జనరేటరు, ఏసీ ప్లాంటు వంటి అవసరాలకు పది శాతం దాకా మినహాయింపు ఉంది. రెండు వందల చదరపు మీటర్లు దాటిన సెల్లార్‌కు ఆటోమేటిక్ స్ప్రింక్లర్లు ఉండాలని కోడ్ చెబుతోంది. అక్కడ జిమ్, రీడింగ్ రూం వంటివి పెట్టడం మాట అటుంచి, అడగడం కూడా అనవసరం.

కోచింగ్ సెంటర్

లెక్క తప్పేది ఎక్కువగా ఇక్కడే. అంతస్తును ఐదు వందల అడుగుల క్లాసురూములు నాలుగుగా చేశారనుకోండి. ఒక్కో దానిలో 45 మంది. కేంద్ర విద్యాశాఖ 2024 జనవరిలో ఇచ్చిన కోచింగ్ సెంటర్ల మార్గదర్శకాల్లో విద్యార్థికి కనీసం ఒక చదరపు మీటరు అన్నారు. ఐదు వందల అడుగులు 46 మీటర్లు, కాబట్టి 45 మంది సరిపోయారు. నిర్వాహకులు ఇక్కడితో లెక్క మూసేస్తారు.

ఆ ఒక మీటరు గదిలో కూర్చోవడానికి పెట్టిన హద్దు. గదిలోంచి వీధిలోకి దిగడానికి వేరే లెక్క ఉంది. నాలుగు గదులకు 180 మంది పిల్లలు, పదిమంది సిబ్బంది, మొత్తం 190. మెట్ల సామర్థ్యం కొత్త లెక్కలో 150, పాత లెక్కలో 75. గది ఒప్పుకున్నవాళ్లను మెట్లు ఒప్పుకోవడం లేదు. పైగా బ్యాచ్ మారే సమయంలో దిగేవాళ్లు, ఎక్కేవాళ్లు ఒకే మెట్ల మీద కలుస్తారు. అప్పుడు కింద రిసెప్షన్ దగ్గర ఇంకో నూట ఎనభై మంది కాచుకుని ఉంటారు.

ఈ భవనమే కావాలంటే ఒక్కో సమయంలో రెండు గదుల్లోనే తరగతులు నడిపి, డెబ్బై అయిదు మందికి మించకుండా చూసుకోవాలి. బ్యాచ్‌ల మధ్య కనీసం పావుగంట వదలాలి. అలా అద్దె గిట్టకపోతే ఈ భవనం మీకు ఖరీదెక్కువ అని అర్థం, అంతే. రెండువైపులా మెట్లున్న పాత భవనం, పక్క వీధిలో ఉన్నా, అద్దె ఇరవై శాతం ఎక్కువైనా, విద్యార్థుల సంఖ్యతో భాగిస్తే చవకే అవుతుంది. గ్రౌండ్, మొదటి అంతస్తు కలిపి దొరికితే ఇంకా మేలు. చిన్నపిల్లల బ్యాచ్‌లు కిందే పెట్టండి.

టెర్రస్ మీద రేకుల షెడ్డు వేసి ‘అదనపు హాలు’ అంటే లోపలికి కూడా వెళ్లకండి. 2019 మే 24న సూరత్‌లో 22 మంది ప్రాణాలు పోయింది భవనం పైభాగంలో నడుస్తున్న అలాంటి కోచింగ్ తరగతిలోనే. దిగడానికి ఉన్న మెట్లు చెక్కవి, ముందు అవే కాలిపోయాయి.

హాస్టల్

అంకెల వరకే చూస్తే హాస్టల్ తేలిక. పది గదులు, గదికి నాలుగు మంచాలు, నలభై మంది. మెట్లకు ఇది లెక్కలోది కాదు. అందుకే హాస్టల్ పెట్టేవాళ్లు ఫైర్ విషయం అసలు ఆలోచించరు. కానీ ఇక్కడ ప్రమాదం మనుషుల సంఖ్యలో లేదు. వాళ్లు నిద్రలో ఉండటంలో ఉంది. ఆఫీసులో వైరు కాలిన వాసన రెండో నిమిషంలో ఎవరో ఒకరికి తెలుస్తుంది. హాస్టల్‌లో రాత్రి రెండింటికి ఎవరికీ తెలియదు.

కాబట్టి హాస్టల్‌కు భవనం ఎంచేటప్పుడు మెట్ల వెడల్పు కంటే ముందు మెట్ల అడుగున ఏముందో చూడండి. మన స్టిల్ట్ ప్లస్ ఫైవ్ భవనాల్లో మెట్ల కిందే కరెంటు మీటర్ల బోర్డు, పక్కన ఇన్వర్టర్ బ్యాటరీ, ఎదురుగా బండ్ల పార్కింగ్, ఇప్పుడు దానికి తోడు ఎలక్ట్రిక్ స్కూటర్ల చార్జింగ్. మెట్లు లిఫ్టు చుట్టూ తెరిచే ఉంటాయి. కింద మంట పుడితే ఆ మెట్ల గది పొగగొట్టంలా పనిచేస్తుంది. వేడి పొగ పైకే పోతుంది గనక మూడు నాలుగు అంతస్తుల్లో గది తలుపు తీసినవాళ్లకు ఎదురుగా అదే కనిపిస్తుంది. 2022 సెప్టెంబర్ 12న సికింద్రాబాద్‌లో కింద ఎలక్ట్రిక్ స్కూటర్ల షోరూం, పైన లాడ్జి ఉన్న భవనంలో ఎనిమిది మంది చనిపోయారు. మంట కింద పుట్టింది, మనుషులు పైన ఉన్నారు.

సరైన హాస్టల్ భవనంలో మీటర్ల బోర్డు మెట్లకు దూరంగా, విడిగా గదిలో ఉంటుంది. చార్జింగ్ పాయింట్లు మెట్ల నోటికి ఎదురుగా ఉండవు. ప్రతి అంతస్తులో మెట్లకు, కారిడార్‌కు మధ్య తలుపు ఉంటుంది. గదుల్లో, కారిడార్‌లో పొగ డిటెక్టర్లు ఉండి, ఒకటి మోగితే అన్ని అంతస్తుల్లోనూ మోగుతుంది. విడివిడి బ్యాటరీ డిటెక్టర్లు కొని గదికొకటి తగిలిస్తే మూడో అంతస్తులో నిద్రపోతున్నవాళ్లకు ఒకటో అంతస్తు మోత వినపడదు.

లేడీస్ హాస్టళ్లలో ఇంకో చిక్కు ఉంది. భద్రత పేరుతో కిటికీలన్నిటికీ గ్రిల్స్, రాత్రి పదికి కొలాప్సిబుల్ గేటుకు తాళం, టెర్రస్ తలుపుకు ఇంకో తాళం, తాళంచెవులు వాచ్‌మన్ దగ్గర. దొంగ లోపలికి రాకుండా చేసిన ఏర్పాటు మనిషిని బయటికి పోనివ్వదు. గేటుకు బయటినుంచి తెరవలేని, లోపలినుంచి తాళంచెవి లేకుండా తెరుచుకునే గడియ పెట్టించాలి. ప్రతి అంతస్తులో కనీసం ఒక గ్రిల్ లోపలినుంచి తెరుచుకునేలా కీలు మీద ఉండాలి. వార్డెన్‌కు రాత్రిపూట అవి తెరిచి చూపించమంటే చూపించగలగాలి.

రెస్టారెంట్, బాంక్వెట్

ఇక్కడ గుర్తుంచుకోవాల్సిన అంకె 50. యాభై మంది, ఆ పైన గుమికూడే చోటును కోడ్ డీ గ్రూపులో వేస్తుంది. భోజనాల చోటు తొమ్మిది వందల అడుగులు ఉన్న టిఫిన్ సెంటర్ 46 మందితో ఈ గీతకు ఇవతలే ఉంటుంది. రెండు వేల అడుగులు చేస్తే 103 మందితో దాటుతుంది. దాటాక రెండు మీటర్ల తలుపు, ఆరు మీటర్ల కారిడార్ హద్దు, ఫైర్ ఎన్‌ఓసీ అన్నీ వెంట వస్తాయి. రెండో అంతస్తులో ఆ మూడూ తేవడం కష్టం. రెస్టారెంట్‌కు గ్రౌండ్ ఫ్లోర్ అద్దె రెట్టింపు ఉన్నా అదే చూడమంటాం.

బాంక్వెట్ హాలు పై అంతస్తులో, మెట్లు ఒక్కటే ఉన్న చోట పెట్టకూడదు. ఇందులో బేరం లేదు. 286 మందికి ఆ మెట్లు సగానికే చాలుతాయి. పైగా పెళ్లివాళ్లకు, పుట్టినరోజువాళ్లకు ఆ భవనం కొత్త, వచ్చింది లిఫ్టులో, మెట్లు ఎక్కడున్నాయో కూడా తెలియదు. దాని మీద సింథటిక్ పరదాలు, థర్మోకోల్ డెకరేషన్.

వంటగదికి సంబంధించి రెండు సంగతులు. లైసెన్సు లేకుండా ఒకచోట వంద కిలోలకు మించి ఎల్‌పీజీ ఉంచుకోకూడదు. పందొమ్మిది కిలోల కమర్షియల్ సిలిండర్లు అయిదైతే 95 కిలోలు, ఆరోది వచ్చిందంటే దాటినట్టే. రెండోది, పొయ్యి పైన చిమ్నీ డక్ట్. దానిలో పేరుకున్న నూనె జిడ్డుకు బాండీ మంట అంటుకుంటే అది గోడ లోపలినుంచే పై అంతస్తుకు పాకుతుంది. డక్ట్ శుభ్రం చేయడానికి తలుపులు ఎక్కడున్నాయో అద్దెకు తీసుకునే ముందే చూడండి. నూనె మంటకు నీళ్లు పనికిరావు, మామూలు పొడి సిలిండర్ ఆర్పినా నూనె చల్లారక మళ్లీ రాజుకుంటుంది. వంటగదికి వెట్ కెమికల్ రకం విడిగా కొనాలి.

క్లినిక్, ఆసుపత్రి

ఈ రెండింటి మధ్య గీత మంచం. డాక్టరు కన్సల్టేషన్ గదులు, మందుల దుకాణం, శాంపిల్ కలెక్షన్ వరకైతే ఆఫీసు లెక్కే, మన అంతస్తు సరిపోతుంది. రాత్రి ఒక్క రోగి పడుకుంటే సీ గ్రూపు. అప్పుడు మెట్లు 2 మీటర్లు కావాలి, మనవి మీటరున్నర. మెట్ల మలుపులో స్ట్రెచర్ తిరగదు. కోడ్‌లో ఇంకో అంకె ఉంది. మంచం దిగలేని రోగులున్న భాగం 280 చదరపు మీటర్లు దాటితే, పొగను అడ్డుకునే గోడకు అవతలివైపుకు మంచంతో సహా రోగిని తోసుకెళ్లే ఏర్పాటు ఉండాలి. మన అంతస్తు 279. ఒక్క మీటరు తక్కువ కదా అని సంతోషించేవాళ్లు ఆసుపత్రి పెట్టకపోవడమే మంచిది. ఐసీయూ రోగిని మెట్ల మీద దించడం జరిగే పని కాదు గనక, అదే అంతస్తులో పొగ రాని రెండో సగం ఉండాలన్నది ఆ నియమం వెనక ఆలోచన. పది మంచాల నర్సింగ్ హోంకూ అది వర్తించే ఆలోచనే.

లాడ్జినో హోటల్‌నో ఆసుపత్రిగా మార్చడం తేలికగా కనిపిస్తుంది, గదులు, బాత్రూములు సిద్ధంగా ఉంటాయి కాబట్టి. 2020 ఆగస్టు 9న విజయవాడలో కొవిడ్ కేంద్రంగా మార్చిన హోటల్‌లో మంటలు రేగి ప్రాణాలు పోయాయి. హోటల్ మెట్లు నడవగలిగిన అతిథులకు కట్టినవి. వాడకం మారినప్పుడు మెట్లు వాటంతట అవి మారవు.

కింద ఎవరున్నారు

మీ అంతస్తు ఎంత పద్ధతిగా ఉన్నా కింది షట్టర్‌లో ఏముందో అది మీదాకా వస్తుంది. రెండు మూడు రకాల వాడకం ఒకే భవనంలో కలిసినప్పుడు, వాటి మధ్య తగిన గోడలు లేకపోతే, భవనమంతటికీ ఎక్కువ ప్రమాదం ఉన్నదాని నియమమే వర్తిస్తుంది. 2023 నవంబర్ 13న నాంపల్లి బజార్‌ఘాట్‌లో అపార్ట్‌మెంట్ కింద నిల్వ చేసిన రసాయనాల డ్రమ్ములు అంటుకుని తొమ్మిది మంది చనిపోయారు. పైన ఉన్నవి మామూలు ఇళ్లు. 2025 మే 18న చార్మినార్ దగ్గర గుల్జార్ హౌజ్‌లో కింద దుకాణాలు, పైన కుటుంబం. దిగడానికి మీటరు వెడల్పు మెట్లు. 17 మంది, అందులో ఎనిమిది మంది పిల్లలు.

కింద పెయింట్లు, థిన్నర్లు, పరుపులు, ఫోము, ప్లాస్టిక్ సామాన్లు, బ్యాటరీలు అమ్మేచోటు, నిల్వ చేసేచోటు ఉంటే పైన కోచింగ్, హాస్టల్, ఆసుపత్రి పెట్టొద్దు. ఆఫీసైతే, మెట్లు షట్టర్ల వైపు తెరుచుకోకుండా నేరుగా వీధిలోకి దిగితేనే. మీరు చేరేనాటికి కింద కిరాణా కొట్టు ఉండి, ఏడాదికి అది స్కూటర్ల షోరూం కావచ్చు. దీనికి మందు అగ్రిమెంట్‌లోనే ఉంది, ఆ మాట చివర్లో.

చూడటానికి వెళ్లేటప్పుడు

ఒక టేపు, ఒక కాగితం, అరగంట చాలు. ముందు లిఫ్టు వద్దని మెట్లెక్కండి. రెయిలింగుకు గోడకు మధ్య వెడల్పు అన్నిటికంటే ఇరుకైన చోట కొలవండి. అయిదడుగులని చెప్పినవి అక్కడ నాలుగున్నరకు దిగుతుంటాయి. మలుపుల్లో బీరువా, చెప్పుల స్టాండు, నీళ్ల డబ్బాలు ఉంటే ఆ చోటు మెట్లలో లేనట్టే. మెట్ల కింద మీటర్లు ఉన్నాయా? టెర్రస్ తలుపు చేత్తో తెరుచుకుంటుందా?

తర్వాత మీ అంతస్తు దూరపు మూల నుంచి మెట్ల తలుపు దాకా మనిషి నడిచే దారిలో కొలవండి. గోడల్లోంచి గీత గీసినట్టు కొలవకండి. ఇది 30 మీటర్లకు మించకూడదు. ఇంటీరియర్ అయ్యాక పార్టిషన్ల చుట్టూ తిరగాల్సి వస్తుంది కాబట్టి ఖాళీ అంతస్తులో ఇరవై వచ్చినా సంబరపడకండి. తలుపులు బయటివైపు తెరుచుకుంటున్నాయా చూడండి. లోపలికి తెరుచుకునే తలుపు ముందు పదిమంది తోసుకొచ్చి నిలబడితే అది ఇక తెరుచుకోదు. రోలింగ్ షట్టర్ ఒక్కటే ద్వారమైతే కరెంటు పోయినప్పుడు చేత్తో ఎత్తి చూపించమనండి.

ముందువైపు అద్దాల గోడ మొత్తం మూసేసి ఉంటే పొగ బయటికి పోయే కిటికీ ఏదని అడగండి. ఎలివేషన్ అందానికి కిటికీల మీద కప్పిన ఏసీపీ (అల్యూమినియం పూత ప్యానెల్) షీట్లు, ఫ్లెక్సీలు ఈ మధ్య మామూలైపోయాయి. లోపల అద్దం, బయట షీటు ఉంటే ఫైర్‌వాళ్ల నిచ్చెన వచ్చినా ఎక్కడ ఆనించాలో తెలియదు.

గోడకు తగిలించిన ఎర్ర సిలిండర్లు చివరగా చూడండి. ఎక్కడ నిలబడినా పదిహేను మీటర్లలోపు ఒకటి అందాలి, ముల్లు పచ్చరంగులో ఉండాలి, సర్వీసు తేదీ ఏడాది లోపుదై ఉండాలి. ఇవి ఉన్నంత మాత్రాన భవనం మంచిదైపోదు. సిలిండర్లు రేపు కొనొచ్చు, మెట్లు కొనలేం.

కాగితాలు, అగ్రిమెంటు

మంజూరైన ప్లాను, ఓసీ రెండూ అడిగి, ప్లానులోని మెట్లు అక్కడ ఉన్నాయో లేదో పోల్చండి. ప్లానులో రెండో మెట్లు గీసి, ఓసీ వచ్చాక వాటిని స్టోర్‌రూం చేసిన భవనాలు ఉన్నాయి. ఫైర్ ఎన్‌ఓసీ చూపిస్తే అది ప్రొవిజనలా, కట్టడం పూర్తయ్యాక తనిఖీ చేసి ఇచ్చినదా అని చదవండి. ప్రొవిజనల్ అంటే ఇలా కట్టుకోవచ్చు అని ముందుగా ఇచ్చిన మాట, అలా కట్టారని సాక్ష్యం కాదు. ఏ వాడకానికి ఇచ్చారు, ఎంత ఎత్తుకు ఇచ్చారు, గడువు ఎప్పటిదాకా అన్న మూడూ మీ పనికి సరిపోవాలి. వాడకం మార్చాలంటే ఆ దరఖాస్తు ఓనరు పేరుతోనే వెళ్లాలి కాబట్టి అడ్వాన్స్‌కు ముందే సంతకం చేయించుకోండి.

అగ్రిమెంట్‌లో మూడు వాక్యాలు చేర్పించండి. మీరు పెట్టే వాడకానికి ఫైర్ ఎన్‌ఓసీ, వాడకం మార్పు అనుమతి రాకపోతే అడ్వాన్స్ పూర్తిగా వాపసు. మెట్లు, కారిడార్, టెర్రస్ తలుపు ఎవరికీ అద్దెకివ్వకూడదు, తాళం వేయకూడదు. కింది అంతస్తుల్లో రసాయనాలు, ఫోము, బ్యాటరీల నిల్వకు గానీ, వాహనాల షోరూంకు గానీ ఇచ్చేట్టయితే మీకు ముందుగా రాతపూర్వకంగా చెప్పాలి, మీరు అడ్వాన్స్ తీసుకుని ఖాళీ చేసే హక్కు ఉండాలి. మొదటి రెండింటికి ఓనర్లు మామూలుగా ఒప్పుకుంటారు. మూడోదానికి నసుగుతారు. కింది షట్టర్లు ఎవరికి ఇవ్వబోతున్నారో అప్పుడు నేరుగా అడగండి.